ఎండిన పంపు ముందు బిందెలు

పరేల్‌లోని పిత్రే చాల్‌కి, ఆ మూడంతస్తుల పాత అద్దెగదుల భవనానికి, నీళ్లు ఆగిపోయి నెల దాటింది. అద్దెకున్నవాళ్లు వాళ్లంతట వాళ్లే లేచిపోతే అక్కడ టవరు కట్టుకోవచ్చని బిల్డరు పైపు కోయించాడు. అయినా ఉమ్మడి పంపు ముందు బిందెల వరస చెదరలేదు. ఆ చాల్‌లో క్యూలో నిలబడేది మనిషి కాదు, బిందె. తీశావా, నీ వంతు పోయినట్టే.

ఆ వరసలోంచి తన సొట్టబిందె తీసుకుని హేమలతా ఘాడీగావ్‌కర్ షూటింగుకి బయల్దేరింది. వారంవారం టీవీలో వచ్చే నవ్వుల కార్యక్రమంలో పంపు దగ్గర పోట్లాడే ఆవిడ వేషం ఆమెదే. ముంబై అంతా ఆమెను చూసి నవ్వుతుంది.

"ఈసారి మన గోడు చెప్పు తాయీ," అంది పక్కగది ఇందుమతి, బిందె తీసిన చోట వంతు పోకుండా ఇటుక పెడుతూ. "వార్డాఫీసులో మన మాట వినే దిక్కు లేదు. టీవీలో నువ్వంటే వింటారు."

"కత్తిరించేస్తారే."

"అని చూడు. పోయేదేముంది, నీళ్లా?"

స్కిట్ మధ్యలో హేమలత తనకు రాసిచ్చిన మాటలు వదిలేసింది. బిందె నేలకేసి కొట్టింది. "మాది పిత్రే చాల్! బిల్డరు మా పైపు కోయించాడు! మా ముసలాళ్లు మూడంతస్తులు నీళ్లు మోస్తున్నారు, ఒక్కరైనా వచ్చి చూడండి!" కన్నీళ్లు నిజంగానే వచ్చాయి.

హాలంతా గొల్లున నవ్వింది.

దర్శకుడు దాండేకర్ పరుగెత్తుకొచ్చాడు. "చంపేశావు హేమా! ఆ ఏడుపు ఇన్నాళ్లూ ఎక్కడ దాచావు?"

"అది నిజం సార్. తీసెయ్యకండి."

"తీసెయ్యడమా? ప్రోమోలో వేస్తాను!"

అన్నంత పనీ చేశాడు. ఆదివారం చాల్ మొత్తం ఇందుమతి గదిలో, గుమ్మంలో, వరండాలో కిక్కిరిసి చూసింది. ఒక్క అక్షరం పోలేదు. ప్రతి మాట వెనకా నవ్వులు అతికించారు, ముసలాళ్ల మాట దగ్గర మరీ గట్టిగా. కత్తెర పడుతుందనే హేమలత భయపడింది. దాని అవసరమే రాలేదు. గొంతు తడవడం లేదు మొర్రో అంటే, నటన బాగుందని చప్పట్లు కొట్టే నగరమిది.

ఇందుమతి టీవీ కట్టేసింది. "బానే చేశావు తాయీ," అంది, ఆమె మొహం చూడకుండా.

మర్నాడు హేమలత సొట్టబిందెతో పంపు దగ్గరికెళితే, అక్కడికి బిల్డరు మనిషి గుప్తే వచ్చాడు. "తాయీ, మా సేఠ్ పడీపడీ నవ్వారు! ఇంటిల్లిపాదికీ చూపించారు. ఒక్క ఫొటో, ఆ బిందె పట్టుకోండి."

"పైపు ఎప్పుడు వేయిస్తారు?"

"అదీ! అదే మాట, అదే గొంతు!" గుప్తే నవ్వాపుకోలేక కడుపు పట్టుకుంటూనే ఫోన్లో వీడియో మొదలుపెట్టాడు. "మళ్లీ అనండి తాయీ!"

హేమలత వంగి ఇటుక తీసి, దాని చోట సొట్టబిందె పెట్టింది.

గుప్తే దానికీ నవ్వాడు.