కూలి మీద వడ్డీ పాపమట

కూలి డబ్బు ఆలస్యం చేసినవాడు ఆ ఆలస్యానికి కూడా చెల్లించాలని చట్టం చెబుతుంది. ఇందులో అర్థం కానిది ఏముందో బడిపంతులునైన నాకు ఇప్పటికీ తెలియదు. అండమాన్ దీవుల్లోని బంబూఫ్లాట్‌లో మావాళ్లకు ఈ ఒక్క ముక్క ఎక్కించబోయి గొంతు పోగొట్టుకున్నాను.

మా అక్క భర్త చేపలవేటవాడు. శ్రీకాకుళం తీరం నుంచి వచ్చి స్థిరపడిన కుటుంబం. వానాకాలంలో పడవ దించడానికి లేదు కనక ఆ నెలలు ఒడ్డున ఏదో ఒక కూలిపని. ఆ ఏడు రేవు పక్కన రాతిగోడ కట్టిస్తున్న కంట్రాక్టరు దగ్గర మావాళ్లు చాలామంది రాళ్లు మోశారు. ఈలోగా తిండి గడవాలి. బావ తన నైలాను వలను మా కులపెద్ద దగ్గర తాకట్టు పెట్టాడు. ఆ పెద్దకు బియ్యం కొట్టు ఉంది, వడ్డీవ్యాపారమూ ఉంది. గోడ పూర్తయితే కూలి వస్తుంది, కూలితో వల విడిపించుకోవచ్చు, సముద్రం నెమ్మదించగానే వేటకు పోవచ్చు. బావ అనుకున్నది అదీ.

గోడ పూర్తయింది. కూలి రాలేదు.

"జహాజ్ రాలేదు భయ్యా, బిల్లు పైసా జహాజ్‌లో రావాలి" అన్నాడు కంట్రాక్టరు. మావాళ్లు తలలూపి వచ్చేశారు. ఓడ వచ్చింది. ఉల్లిపాయలు దిగాయి, సిమెంటు దిగింది, సినిమా రీళ్లు దిగాయి, మా రామమందిరానికి కొత్త మైకు దిగింది, కంట్రాక్టరుగారి బావమరిది కూడా దిగాడు. కూలి దిగలేదు.

"వచ్చే జహాజ్‌కి వస్తాదంట" అన్నాడు బావ, రేపటి వాన సంగతి చెప్పినట్టు.

నాకు ఒళ్లు మండింది. సముద్రం మీద వీళ్లు ఇలా ఉండరు. వల ఆరకముందే ఇసుకలో ఎవరి వాటా వాళ్లకు పడాలి. పడవ యజమాని వాటా రేపు ఇస్తానంటే, మర్నాడు అతని పడవలో తెడ్డు పట్టేవాడే ఉండడు. అంత తెలివైన మనుషులు రాయి మోయగానే ఏమైపోయారు? ఆ మాటే అడిగాను.

"అది యాట. ఇది గవర్మెంటు పని" అన్నాడు బావ.

"కంట్రాక్టరు గవర్మెంటు కాదు బావా."

"టోపీ ఎట్టుకుంటాడు గదా!"

ఇక్కడ ఓడ కోసం కూలి ఆగింది గాని, వల మీద వడ్డీ ఏ ఓడ కోసమూ ఆగలేదు. అమావాస్యలోగా విడిపించుకోకపోతే వల అమ్మేస్తానని కులపెద్ద కబురు పెట్టాడు. అక్క పోరగా పోరగా బావ నాతో చాతం రేవుకు పోయే పడవ ఎక్కాడు. అక్కడినుంచి పోర్ట్ బ్లెయిర్ లేబర్ ఆఫీసుకు వెళ్లి ఫిర్యాదు ఇచ్చాం.

ఆఫీసరు కంట్రాక్టరును పిలిపించి గట్టిగా మందలించాడు. అందరి కూలీ వచ్చేవారం ఇక్కడే, తన ఎదుటే చెల్లించాలన్నాడు. తరవాత బావవైపు తిరిగి, ఆలస్యానికి వడ్డీ కూడా ఇప్పిస్తాను, కావాలా అని హిందీలో అడిగాడు. బావ కంట్రాక్టరును చూశాడు, నేలను చూశాడు.

"పెద్దోళ్లని అడిగి సెప్తాను సాబ్."

ఉత్త కూలి డబ్బుతో వల రాదు. ఇన్ని నెలల వడ్డీతో అప్పు కూలిని దాటిపోయింది. ఇది తెలిసిన మనిషి అన్న మాట అది!

రామమందిరం అరుగు మీద సభ పెట్టారు. కొత్త మైకు ముందు కులపెద్ద కూర్చున్నాడు. "కష్టపడ్డావు, కూలి తీసుకో. ఆలీసానికి డబ్బులేటి? వడ్డీ తినడం పాపం. ఆ డబ్బుతో ఇడిపించిన వలలో గంగమ్మ సేప పడనివ్వదు" అన్నాడు. ఊళ్లో సగం వలలు ఎవరి కొట్టులో వేలాడుతున్నాయో తెలిసిన జనం, భక్తిగా తలలూపారు.

నేను లేచి అరగంట మాట్లాడాను. చట్టం చెప్పాను, న్యాయం చెప్పాను, వలలో చేప ఎందుకు పడుతుందో చెప్పాను. మూఢనమ్మకాల మీద సభల్లో నేర్చిన వాదాలన్నీ దింపాను. "పంతులు బాగా సెప్పినాడు" అని అందరూ మెచ్చుకుని, పెద్ద మాటే ఖాయం చేశారు.

అప్పుడు ఆడవాళ్లలోంచి అక్క లేచింది.

"మావా, వడ్డీ పాపమేనా?"

"పాపమేనే అమ్మీ."

"అలాగైతే మా వల మీద వడ్డీ తీసీ. అసలు ఇచ్చేస్తాం, వల ఇచ్చీ."

మైకు కీచుమంది. ఎవరో కిసుక్కున నవ్వారు.

"అది యాపారమే! దీనికీ దానికీ పోలికేటి?"

"పాపం నీ కొట్టు గడప దాటితే యాపారమైపోద్దేటి?"

"సెప్పు సెప్పు, గంగమ్మ ఇంటాంది" అన్నాడు ఒక ముసలాయన. ఈసారి అందరూ నవ్వారు.

"నీ ఇష్టం. పాపం నీ మెడకే సుట్టుకుంటాది" అన్నాడు పెద్ద.

"నా మెడ కాళీగానే ఉందిలే మావా. ఉన్నదంతా నీ పెట్టెలోనే ఉంది."

సభ అలా ముగిసింది. తీర్మానం ఏమిటో ఎవరూ చెప్పలేదు.

మరుసటి వారం ఆఫీసరు మళ్లీ అడిగాడు. వడ్డీ నా హక్కు అను బావా అని దారి పొడుగునా నూరిపోశాను. బావ చేతులు కట్టుకుని, "మా ఇంటిది కావాలంటాంది సాబ్" అన్నాడు. ఆఫీసరు రాసేశాడు. కంట్రాక్టరు కూలి ఇచ్చి, వడ్డీ నోట్లు విడిగా తీసి, "తీస్కో భాయ్, భాభీకి మిఠాయి కొను" అన్నాడు. చట్టం ఇప్పించిన డబ్బును దానం చేసినట్టు! బావ నవ్వి నమస్కారం పెట్టాడు. మిగిలినవాళ్లు వడ్డీ ఊసెత్తకుండా కూలి పుచ్చుకుని, వాళ్లూ నమస్కారం పెట్టారు. నేను గోడవైపు తిరిగి నిలబడ్డాను.

కులపెద్ద ఆ డబ్బు ఏ పాపభీతీ లేకుండా లెక్కపెట్టుకుని వల ఇచ్చాడు. ఒక మూల ఎలుకలు కొరికాయి. అక్క కూర్చుని అల్లింది.

మొదటిరోజు వలలో నాలుగు పిచ్చి చేపలు పడ్డాయి. "వడ్డీ డబ్బు గదా" అంది వీధంతా. మూడోరోజు వల నిండా మంచి ధర పలికే వంజరం చేపలు. "గంగమ్మ సల్లని తల్లి" అంది అదే వీధి. చేప పడకపోతే లేబర్ ఆఫీసు తప్పు, పడితే అమ్మవారి దయ! ఇదేం తర్కమని ఒడ్డునే నిలదీశాను.

"పంతులూ, తరవాత అరుద్దువుగాని. ముందు ఆ బుట్ట పట్టు" అన్నాడు బావ.

పట్టాను. ఇసుకలో కాళ్లు కూరుకుపోతుంటే ఒడ్డెక్కుతూ చెబుతూనే ఉన్నాను. బావ అప్పటికే చేపల ధర కేకేస్తున్నాడు.