నాలుగో నంబరు జెర్సీ

క్రెషిమిర్ పేరు ఇంటర్నెట్‌లో కొడితే ఒకే ఒక్క వీడియో వస్తుంది. హంగరీలో ఏదో వాన పడ్డ రోజు. పక్కనుంచి వచ్చిన బంతిని బయటికి తన్నబోయి తమ గోల్‌లోకే తన్నేస్తాడు. దాని కింద నవ్వులు పెట్టేవాళ్ళు ఇప్పటికీ వస్తూనే ఉన్నారు. సగం జీవితం ఫుట్‌బాల్ ఆడి బతికినవాడికి లోకం మిగిల్చిన గుర్తు అదొక్కటే. అతను ఆపిన బంతుల్ని ఎవరూ వీడియో తియ్యలేదు. డిఫెండర్ తన పని సరిగ్గా చేస్తే ఏమీ జరగదు. ఏమీ జరగనిదాన్ని ఎవరు తీస్తారు?

నేను భానుశ్రీని. మాది తెనాలి, ఇప్పుడుండేది మెల్‌బోర్న్. వారమంతా క్రెయిగీబర్న్‌లో ఫిజియోథెరపీ క్లినిక్. శనివారాలు మాత్రం ఆ దగ్గర్లోనే ఉన్న ఒక క్రొయేషియన్ల క్లబ్బులో ఆటగాళ్ళ దెబ్బలు చూసే పని. మా ఆయన వంశీధర్ దృష్టిలో క్రికెట్ తప్ప మిగతావన్నీ పిల్లలాటలే. నేను బ్యాగు సర్దుకుంటుంటే, "వెళ్ళిరా తల్లీ, నీ క్రొయేషియా అన్నదమ్ములు కాళ్ళు చాపుకుని కూచునుంటారు," అంటాడు. నాకూ ఆ ఆట మీద మమకారమేమీ ఉండేది కాదు. క్రెషిమిర్ వల్లే దాన్ని చూడ్డం నేర్చుకున్నాను. అతని వల్లే ఇప్పుడు దాన్ని అసహ్యించుకుంటున్నాను.

క్రెషో అని పిలవమన్నది అతనే. గుమ్మంలోంచి వంగి రావాల్సినంత పొడుగు, విరిగి అతికిన ముక్కు, నుదుటి మీద కుట్ల గీతలు. ఆ మనిషి మొదటిసారి నా దగ్గరికి వచ్చినప్పుడు చేతిలో ఒక సీసా ఉంది. ఎర్ర మిరపకాయలు కాల్చి నూరిన పచ్చడి. రుచి చూసి, ఇది మా పండుమిరపకాయ పచ్చడికి మెతక చుట్టమని చెప్పాను. ఆ తర్వాత మా పచ్చడి పట్టుకెళ్ళి పెడితే కళ్ళనీళ్ళు పెట్టుకుని మరీ తిన్నాడు. "భానూ, ఇది తిన్నాక ఫార్వర్డ్ ఆటగాళ్ళంటే నాకేం భయం," అన్నాడు.

అతనిది క్రొయేషియాలో ఓసియెక్ దగ్గర చిన్న ఊరు. తండ్రి రైల్వేలో పని చేసేవాడు. పెరట్లో వాల్‌నట్ చెట్టుకి తాడు కట్టి, తాడుకి బంతి కట్టి, అది ఊగుతుంటే కొడుకు చేత ఎగిరి తలతో కొట్టించేవాడు. కాళ్ళతో అందరూ ఆడతార్రా, తలతో ఆడు, పని దొరుకుతుంది అనేవాడట. క్రెషోకి పదేళ్ళప్పుడు యుద్ధం వచ్చింది. బడి మూసేశారు, ఊళ్ళో సగం ఇళ్ళ కప్పులు పోయాయి, పగళ్ళు కూడా నేలమాళిగలోనే. బాంబులు కాస్త ఆగితే చాలు, తండ్రి అతన్ని చెట్టు కిందికి తీసుకెళ్ళేవాడు. ఇదంతా గొప్పగా చెప్పుకునేవాడు క్రెషో. ఆ తండ్రిని నాలుగు దులపాలని నాకు ఉండేది.

తండ్రి మాట మాత్రం నిజమైంది. పని దొరికింది. సొంత దేశంలో రెండో శ్రేణి లీగు, ఆ తర్వాత స్లొవేనియా, హంగరీ. కుర్రాళ్ళ జాతీయ జట్టు శిబిరానికి ఒకసారి పిలిచి, ఆడించకుండానే పంపేశారు. ముప్ఫై దగ్గర పడుతుండగా సిడ్నీ వచ్చాడు. పారమట్టాకి అవతల ఒక క్లబ్బులో ఆడి, అక్కణ్ణించి భార్య యాద్రంకాతో, చంటిపిల్ల లూట్సియాతో మెల్‌బోర్న్ చేరాడు. మా క్లబ్బుకి కెప్టెన్ అయ్యాడు. నాలుగో నంబరు జెర్సీ అతనిదే. వచ్చీ రాగానే పెరట్లో బట్టలారేసే కమ్మీకి తాడు కట్టి బంతి వేలాడదీశాడు. నడక వచ్చిన పిల్లకి ఆటబొమ్మ అదే.

ఇక్కడ నా పని గురించి ఒక మాట చెప్పాలి. తలకి దెబ్బ తగిలి మెదడు అదిరితే దాన్ని కంకషన్ అంటారు. బయటికి గాయం కనపడదు. అందుకని పడ్డవాడి పక్కన మోకాళ్ళ మీద కూచుని అయిదు ప్రశ్నలు అడుగుతాం. మనం ఏ గ్రౌండ్‌లో ఉన్నాం? ఇది ఏ హాఫ్? చివరి గోల్ ఎవరు కొట్టారు? పోయిన వారం ఎవరితో ఆడాం? గెలిచామా? ఒక్కటి తడబడినా ఆ రోజుకి ఆట అయిపోయినట్టే, బయటికి పంపాల్సిందే.

క్రెషో ఏనాడూ తడబడలేదు. నేను అతని దగ్గరున్న సీజన్లన్నిట్లో ఎన్ని సార్లు పడ్డాడో, అన్ని సార్లూ బడిలో ఎక్కాలు అప్పజెప్పినట్టు చెప్పి లేచాడు. ఇదేం తలకాయరా బాబూ అని నేను నవ్వేదాన్ని కూడా.

అతని ఆఖరి సీజన్లో ఆఖరి మ్యాచ్. డ్రా చేసినా చాలు, క్లబ్బు పై లీగులో నిలబడుతుంది. నేను అవతలి వైపు ఒకడి చీలమండకి టేపు చుడుతున్నాను. వెనక రెండు కొబ్బరికాయలు ఢీకొన్న చప్పుడైంది. తిరిగి చూసేసరికి క్రెషో, ఎదుటి జట్టువాడు ఇద్దరూ నేల మీద ఉన్నారు. పరిగెత్తాను. అప్పటికే అతని పక్క డిఫెండర్ అభినవ్ అక్కడ ఉన్నాడు. అభినవ్ మా జనార్దనరావు అంకుల్ కొడుకు, ఇక్కడే పుట్టి పెరిగినవాడు. అతనే క్రెషో మెడ మీద నీళ్ళు పోస్తూ క్రొయేషియన్‌లో ఏదో గొణుగుతున్నాడు. ధైర్యం చెబుతున్నాడు కాబోలు, మనవాడు భాష కూడా నేర్చుకున్నాడే అని మురిసిపోయాను.

క్రెషోని ప్రశ్నలడిగాను. అయిదింటికీ జవాబులు చెప్పాడు. నా వేలిని కళ్ళతో సరిగ్గానే అనుసరించాడు, ఒంటికాలి మీద నిలబడ్డాడు. అయినా నేను లేవకపోతే నా మణికట్టు పట్టుకున్నాడు.

"అన్నీ సరిగ్గా చెప్పాను కదా, భానూ. ఆడనీ."

ఆడాడు. ఇంకెన్ని బంతులకో ఎగిరాడు. మ్యాచ్ డ్రా అయింది. క్లబ్బు ముసలాళ్ళు అతన్ని భుజాల మీద ఎత్తుకుని గ్రౌండంతా తిప్పారు. ఇంటికెళ్ళే దారిలో కారాపి మూడుసార్లు వాంతి చేసుకున్నాడని యాద్రంకా నాకు చెప్పింది చాలా ఏళ్ళ తర్వాత.

ఆట మానేసి కాంక్రీటు పనిలో చేరాడు. మొదట్లో వాళ్ళూ వీళ్ళూ నవ్వుకునేలాంటి పొరపాట్లే. కలిపిన కాంక్రీటు పొయ్యడం మరిచిపోయి మాట్లాడుతూ కూచోవడం, అది గట్టిపడిపోవడం. తర్వాత గ్రీన్ సిగ్నల్ పడినా బండి కదలకపోవడం. తర్వాత కోపం. ఎప్పుడూ గొంతెత్తని మనిషి గ్లాసులు విసిరేవాడు. డాక్టర్లు తలకి ఫోటోలు తీసి మెదడు కుంచించుకుపోతోందన్నారు. కచ్చితంగా ఏ జబ్బో తేల్చాలంటే మనిషి పోయాక మెదడు కోసి చూడాలట. అప్పటికి అతనికి నలభై రెండు.

యాద్రంకా పనిచేసేది ఒక వృద్ధాశ్రమంలో. "నా పనే ఇది కదా, భానూ," అంది ఒకరోజు. "పగలంతా అక్కడ ముసలాళ్ళకి స్నానాలు చేయించి వస్తాను. ఇంటికొచ్చి నా మొగుడికి చేయిస్తాను. తేడా ఏంటంటే, వాళ్ళు థాంక్స్ చెబుతారు."

 

క్రెషో జబ్బు సంగతి తెలిశాకే అభినవ్ నా క్లినిక్‌కి వచ్చాడు. తొడ నరం పట్టేసిందన్నాడు. బల్ల మీద బోర్లా పడుకుని, మొహం కనపడకుండా ఉందన్న ధైర్యంతో కాబోలు, చెప్పేశాడు.

"ఆంటీ, డోంట్ బి మ్యాడ్. ఆ ఆన్సర్స్ అన్నీ నేనే చెప్పేవాణ్ణి, యు నో, మీరు గ్రౌండ్‌లో అడిగేవి. మీకు అర్థం కాకూడదని క్రొయేషియన్‌లో. క్రెషోనే నేర్పాడు."

"ఎన్నాళ్ళు?"

"ఆల్వేస్. మ్యాచ్‌కి ముందు డ్రెస్సింగ్ రూమ్‌లో ప్రాక్టీస్ చేసేవాళ్ళం. అందరు డిఫెండర్సూ చేస్తారంట, యూరప్‌లో ఓల్డ్ గయ్స్ తనకి నేర్పారంట. హి సెడ్ ఇట్స్ పార్ట్ ఆఫ్ ద జాబ్."

ఆ చివరి మ్యాచ్‌లో ఏం చెప్పాడో మాట మాటా చెప్పించుకున్నాను. మన గ్రౌండ్, సెకండ్ హాఫ్, తొమ్మిదో నంబరు, బెండిగో ఊరి జట్టు, గెలిచాం. క్రొయేషియన్ మాటలు నాకు కంఠతా వచ్చేదాకా అడిగాను. చెబుతూ చెబుతూ ఏడ్చేశాడు. నేను ఓదార్చలేదు. తప్పు నీదేనని నన్నెవరైనా అంటే కూడా ఊరుకోను. అడగాల్సినవి అడిగాను, చూడాల్సినవి చూశాను. అబద్ధం చెప్పి గెలిచారు వాళ్ళు. ఏం గెలిచారో వెళ్ళి యాద్రంకాని అడగమనండి.

ఇప్పుడు లూట్సియాకి పదహారు. మా క్లబ్బులోనే అమ్మాయిల జట్టులో డిఫెండర్. పట్టుబట్టి నాలుగో నంబరు జెర్సీ తీసుకుంది. యాద్రంకా నా దగ్గరికొచ్చి, ఎలాగైనా దాని చేత ఆట మాన్పించమని చేతులు పట్టుకుంది. ఆ పిల్లని క్లినిక్‌లో కూచోబెట్టుకుని తండ్రి తల ఫోటోలో ఏముందో ఉన్నదున్నట్టు చెప్పాను. తల వంచుకుని వింది.

"ఇంట్లో నాన్న నన్ను గుర్తుపట్టడు, భానూ. ఈ అమ్మాయి ఎవరు, ఎప్పుడు వాళ్ళింటికి వెళ్తుంది అని అమ్మని అడుగుతాడు. గ్రౌండ్‌లో నాలుగో నంబరు చూస్తే మాత్రం లేచి నిలబడతాడు. కంచె దగ్గర అందరికీ చెబుతాడు, అది నా కూతురు అని. మూడు నిమిషాలో, పది నిమిషాలో."

"ఆ జెర్సీ ఇంట్లో వేసుకోవచ్చుగా?"

"వేసుకున్నాను. ఎక్కడ కొట్టేశావ్ అని తిట్టాడు."

కనీసం బంతిని తలతో కొట్టడం తగ్గించమన్నాను. నన్ను చూసి నవ్వింది. నాకే సిగ్గేసింది. డిఫెండర్‌తో అనే మాటేనా అది?

పోయిన శనివారం మధ్యాహ్నం వేరే క్లబ్బు గ్రౌండ్‌లో మ్యాచ్. ఎండ బాగానే ఉంది, గాలి మాత్రం చలి. యాద్రంకా భర్తని కంచె పక్కన మడత కుర్చీలో కూచోబెట్టి, కోటు కప్పింది. కాసేపటికి లూట్సియా ఎదుటివాళ్ళ కాళ్ళ దగ్గర్నుంచి ఒక బంతి లాగేసింది. క్రెషో కోటు కింద పడేసి లేచాడు. "మనమ్మాయి! మనమ్మాయి చూడు!" అని అరిచాడు. లూట్సియా అటు తిరిగి చెయ్యూపింది. ఆ పిల్ల మొహంలో వెలుగు చూశాక దీన్ని ఎవరు మాన్పించగలరు అనిపించింది నాకు. యాద్రంకా మాత్రం అటు చూడకుండా కోటు దులుపుతోంది.

ఫస్ట్ హాఫ్ ఇంకా కాలేదు. ఇరువైపులా గోల్ పడలేదు. కార్నర్ నుంచి ఎత్తుగా బంతి వచ్చింది. లూట్సియా ఎగిరింది, ఎదుటి జట్టు అమ్మాయీ ఎగిరింది. నాకు తెలిసిన చప్పుడే మళ్ళీ వినపడింది.

నేను వెళ్ళేసరికి వెల్లకిలా పడి ఆకాశం చూస్తోంది. పక్కన ఎవరో మోకాళ్ళ మీద కూలబడ్డారు. క్రెషో. కంచె ఎలా దాటాడో తెలియదు. నా సంచీలోంచి నీళ్ళ సీసా తనే తీసి, పిల్ల మెడ మీద నెమ్మదిగా పోస్తున్నాడు. వణికే చేతులు ఆ పని మాత్రం మర్చిపోలేదు.

"లూట్సియా, మనం ఏ గ్రౌండ్‌లో ఉన్నాం?"

క్రెషో వంగి కూతురి చెవిలో గొణిగాడు. క్రొయేషియన్‌లో. ఈసారి నాకు అర్థమైంది.

"మన గ్రౌండ్," అంది లూట్సియా.

అతన్ని తొయ్యాలి, నోరు మూయించాలి. చెయ్యలేకపోయాను. పిల్లకి తెలిసే ఆయన మనసు కోసం అంటోందేమో, ఇప్పుడు కళ్ళు తిప్పి నాకు సైగ చేస్తుందేమో అని ఒక్క క్షణం ఆశపడ్డాను. మిగతావీ అడిగాను. ఏ హాఫ్, చివరి గోల్ ఎవరిది, పోయిన వారం ఎవరితో, గెలిచామా. తండ్రి ఒక్కొక్కటే అందించాడు, ఎక్కడా తడబడకుండా. ఆ పిల్ల ఒక్కొక్కటే అప్పజెప్పింది.

"సెకండ్ హాఫ్. తొమ్మిదో నంబరు. బెండిగో. గెలిచాం."

ఆ కళ్ళలో ఏ సైగా లేదు. నన్ను దాటి ఎటో చూస్తున్నాయి. ఆ క్షణంలో ఆ పిల్లకి వేరే జవాబులేవీ తెలియవు.

బెంచీ వైపు తిరిగి, పిల్లని మార్చమని సైగ చెయ్యడానికి రెండు చేతులూ ఎత్తాను. క్రెషో నా మణికట్టు పట్టుకున్నాడు. ఆ పట్టు పాతదే. ఇన్ని నెలల్లో ఎవరినీ పేరు పెట్టి పిలవని మనిషి నా మొహంలోకి చూశాడు.

"అన్నీ సరిగ్గా చెప్పింది కదా, భానూ," అన్నాడు. "ఆడనీ."