మూడో గుంత తవ్వనివ్వని పొయ్యి: బిల్లు కోసం బడ్జ్ బడ్జ్‌లో ఒక రోజు

మా ఆవిడ మెడలో గొలుసు తాకట్టుకి వెళ్ళి ఏడు నెలలైంది. ఆ ఏడు నెలల్లోనే ఆవిడ చెల్లెలి మెడలోకి కొత్త గొలుసు వచ్చింది. ఈ ప్రయాణం ఎందుకు పెట్టుకున్నావని ఎవరైనా అడిగితే నేను చెప్పే నిజం ఇదే. ఆ చెల్లెలి మొగుడు, అంటే నా తోడల్లుడు సింహాచలం, నేనూ బెంగాల్ వచ్చి ఖిదిర్‌పూర్‌లో ఉంటూ చిన్న చిన్న సర్కారు పనులు చేస్తాం. బడ్జ్ బడ్జ్‌లో ఒక వీధి మురుగు కాలవ పని వస్తే పై సగం నాకు, కింది సగం అతనికి ఇచ్చారు. సర్కారు పనిలో అడుగున వేసే కాంక్రీటుని కప్పేసే ముందు ఇంజనీరు వచ్చి టేపు పెట్టి కొలిచి, పుస్తకంలో రాసి సంతకం చేయాలి. సింహాచలం మూడు రోజులు కాలవ తెరిచిపెట్టి ఇంజనీరు కోసం కూర్చున్నాడు. వాడికంటే ముందు ముగించాలన్న కచ్చతో నేను కొలత లేకుండానే కప్పేసి, గోడలు లేపేసి, వీధంతా మిఠాయి పంచాను. వాడి బిల్లు వచ్చింది. నాది ఆగిపోయింది, పెట్టుబడి కోసం పెట్టిన గొలుసు తాకట్టులోనే ఉండిపోయింది.

తిరగ్గా తిరగ్గా ఉమ్మడి కొలతకి తేదీ ఇచ్చారు. ఇంజనీరు చూపించిన మూడు చోట్ల తవ్వాలి. మూడు చోట్లా ఆరంగుళాల కాంక్రీటు కనబడితేనే డబ్బు, లేకపోతే తవ్వుడు ఖర్చు కూడా నాదే. ఉదయం ఏడింటికి ఖిదిర్‌పూర్‌లో ఆటో ఎక్కి మాఝేర్‌హాట్ స్టేషన్‌కి వెళ్ళాను. అక్కణ్ణుంచి లోకల్ రైల్లో పది రూపాయల టికెట్, ముప్పావు గంట ప్రయాణం. కిటికీ పక్క సీటు దొరికినా బయటికి చూడబుద్ధి కాలేదు, మనసంతా ఆ గొలుసు మీదే ఉంది. స్టేషన్ బయట టోటో అనే బ్యాటరీ రిక్షా ఎక్కి వీధి పేరు చెబితే డ్రైవరు బెంగాలీలో, "ఆ కాలవ భలే కట్టారు దాదా, వానకి చుక్క నీరు నిలవలేదు" అన్నాడు. పొంగిపోయి ఏ వైపని అడిగాను. "కింది వైపు" అన్నాడు. పది రూపాయలిచ్చి దిగిపోయాను.

రెండు సగాలూ కలిసే మూల మీద ఇప్పుడొక అన్నం హోటల్ వెలిసింది. అక్కడ వంటమనిషి బూలూ దీదీ దగ్గర ముప్పై రూపాయలకి పూరీ, బంగాళాదుంప కూర తిన్నాను, బాగున్నాయి. పదింటికి ఇంజనీరు మేడమ్ వచ్చారు. వెనకాలే కొత్త స్కూటీ మీద, ఇస్త్రీ చొక్కాలో, చంకలో ఫైలుతో సింహాచలం దిగాడు. పక్క కాంట్రాక్టరు కూడా ఉండాలట. నాకు ఒళ్ళు మండిపోయింది.

"ఏటన్నియ్యా, తిన్నావేటి?" అన్నాడు.

"తిన్నాన్లే" అన్నాను.

మొదటి గుంతలో ఆరంగుళాలు. రెండో గుంతలోనూ ఆరే. మూడోది ఆ మూల దగ్గరే, సరిగ్గా బూలూ దీదీ మట్టిపొయ్యి కింద చూపించారు. ఆవిడ గరిటె పట్టుకుని అడ్డం నిలబడింది. "పొయ్యి పగలగొడితే మధ్యాహ్నం నలభై మందికి ఎవరు వండుతారు? మీరు వండుతారా దాదా?" బతిమాలాను, డబ్బిస్తానన్నాను. కదల్లేదు. మూడో కొలత లేకుండా రాయడం కుదరదని మేడమ్ పుస్తకం మూసేశారు.

అప్పుడు సింహాచలం ఫైలు తెరిచాడు. తన కాలవ మొదలయ్యే చోట నా కాంక్రీటు అంచు కనబడుతుంటే, తనది కొలిచిన రోజునే దాన్నీ కొలిపించి రాయించుకున్నాడు. ఆరంగుళాలు, కింద అప్పటి ఇంజనీరు సంతకం. మేడమ్ ఆఫీసు పుస్తకంలో పాత పేజీ వెతికి సరిచూసుకుని, అది పొయ్యి కిందున్న చోటే కాబట్టి మూడో కొలతగా ఒప్పుకున్నారు. నా బిల్లు గట్టెక్కింది.

"నాది కూడా ఎందుకు కొలిపించావురా?" అని అడిగాను.

"నాను కొలతకాగినా నువ్వాగవని తెల్సు గదన్నియ్యా. అందుకే రాయించీసినాను."

స్కూటీ ఎక్కమంటే ఎక్కకుండా రైల్లోనే తిరిగొచ్చాను. నెల తిరిగేసరికి డబ్బు పడింది, గొలుసు ఇంటికొచ్చింది. మా ఆవిడ అద్దం ముందు గొలుసు వేసుకుంటూ, "మా సింహాచలం నేకపోతే ఇదొచ్చీదా?" అంది. వాడు నాకు కీడు చేసుంటే హాయిగా తిట్టుకునేవాణ్ణి. మేలు చేసి ఆ దారీ మూసేశాడు. అసూయ పోలేదు, ఇంకా పెరిగింది. ఇలాంటి పని మీద వెళ్ళేవాళ్ళకి ఒకటే మాట: ఇంజనీరు సంతకం పడేదాకా కాంక్రీటు కప్పకండి, పక్కవాడు ఎంత ముందుకెళ్ళినా సరే. నేను ఆ మూడు రోజులు ఆగి ఉంటే, ఇవాళ వాణ్ణి తమ్ముడూ అని మనస్ఫూర్తిగా పిలవగలిగేవాణ్ణి.