కుండీ బరువు

ఏ వస్తువు చేతికిచ్చినా ఆమె ముందు కళ్లు మూసుకుని తూచి చూస్తుంది. ఫైలైనా అంతే, చంటిబిడ్డైనా అంతే. కోర్టులో ఆమె పేరు కాటా లాయరమ్మ. ఎదురుపడితే మాత్రం మేడమ్.

ఈ అలవాటు పద్దెనిమిదేళ్ల కిందట ఒక సిమెంటు కుండీతో మొదలైంది. పార్కులో మాలి కుండీలన్నిటికీ నీళ్లు పోసేవాడు. ఒకదాంట్లో గంజాయి మొక్క దానంతట అదే మొలిచింది. దానికీ పోశాడు. పోలీసులు వచ్చి మొక్కను కుండీతో సహా కాటా ఎక్కించారు. పదకొండు కిలోలు. పది దాటితే ఇరవై ఏళ్లు, లోపైతే ఏడాది. మట్టి, సిమెంటు, ఆ పొద్దున పోసిన నీళ్లు, అన్నీ గంజాయేనని తీర్పు వచ్చింది. మాలి తరఫున వాదించి ఓడింది ఆమే. కుండీ మొక్క కాదని చట్టంలో ఎక్కడా లేదు మరి.

ఆ ఒక్క మాట రాయించడానికే ఆమె వృత్తి జీవితం సరిపోయింది. కమిటీల ముందు అలాంటిదే ఒక ఖాళీ కుండీ పెట్టి వాదించేది. ఒక కమిటీ అంతా శ్రద్ధగా విని, కుండీని ఉంచేసుకుంది. యువత ఏమైపోవాలని ఒక మంత్రి కళ్లు తుడుచుకున్నాడు. మాలికి అప్పటికి యాభై దాటాయి.

తమ్ముడు భోజనం దగ్గర అడిగేవాడు.

"అక్కా, ఇంత కొట్లాడావు. ఒక్కసారైనా పీల్చావా?"

"పీల్చేవాడికి కావాల్సింది అగ్గిపెట్టెరా. చట్టం కాదు."

చివరికి చట్టం మారింది. పద్దెనిమిదేళ్లకే. ఇకపై ఆకూ పువ్వూ మాత్రమే తూస్తారు. పాత ఖైదీలు అడిగితే మళ్లీ తూస్తారు, ముప్పై రోజుల్లోపు. మాలికింకా రెండేళ్ల శిక్ష ఉంది. బయట ఆయన భార్యకు చూపు మందగిస్తోంది. రెండేళ్లు ఆగితే మొగుణ్ణి గొంతుతోనే పోల్చుకోవాలి.

జప్తు సామాను ఏ గదిలో ఉందో కనుక్కోవడానికే ఇరవై తొమ్మిది రోజులు పట్టింది.

"మొక్కని అప్పుడే తగలబెట్టేశాం మేడమ్. రూలది," అన్నాడు గుమాస్తా.

"కుండీ?"

"కుండీ మండదు కదండీ."

అది గుమ్మం పక్కనే ఉంది, తెల్లరంగు కేసు నంబరుతో సహా. అందులో గుమాస్తా క్రోటన్ పెంచుకుంటున్నాడు.

"దీన్ని తూచి, పదకొండులోంచి తీసేస్తే చాలు."

"తీసివేత రూల్లో ఉందాండీ?"

"మూడో తరగతిలో ఉంది."

"ఇక్కడ కాటా లేదు మేడమ్."

"రేపు నేను తెస్తాను. రేపే ఆఖరు."

సాయంత్రం జైల్లో మాలికి చెప్పింది. ఆయన అడిగాడు.

"అందులో ఇప్పుడేముందమ్మా?"

"క్రోటన్."

"నీళ్లు పోస్తున్నారా?"

"మాలిగారూ, ఆ పని చేసే కదా మీరిక్కడికొచ్చారు."

ఆయన నవ్వాడు. "వేరు తెగకుండా తీయండమ్మా. మట్టిగడ్డతో సహా."

మర్నాడు పొద్దున ఆఫీసు తలుపులు తీయకముందే ఆమె కూరగాయల కొట్టు కాటాతో మెట్ల మీద కూర్చుంది. తలుపు తీశాక క్రోటన్‌ను మట్టిగడ్డతో సహా లేపి, తడిగుడ్డ చుట్టి, గుమాస్తా చేతుల్లో పెట్టింది. కుండీ లోపల అంటుకున్న మట్టిని గోళ్లతో గీకేసింది. రెండు చేతులా ఎత్తి కళ్లు మూసుకుంది.

"తొమ్మిదిన్నర," అంది.

అప్పుడు కాటా మీద పెట్టింది.