రోస్కోకు పంపని తాఖీదు

ఆస్ట్రేలియాలో టాస్మానియా ద్వీపంలోని బర్నీ పట్టణంలో ఆసుపత్రి దుప్పట్లు ఉతికే లాండ్రీలో ఇరవై ఆరు సంవత్సరాలుగా పనిచేస్తున్న గ్లెనిస్ టార్ల్‌టన్‌కు గత సంవత్సరం ఆగస్టు నెలలో ఒక అవమానం జరిగింది. అప్పటికి ఆమె వయస్సు యాభై మూడు. అవమానం చేసిన వ్యక్తి పేరు రోస్కో వీలన్. అతడు దేశం పడమటి తీరంలో, పెర్త్ నగరానికి దక్షిణాన, మాండూరాలో, పడవల ఇంజన్లు బాగుచేస్తాడు. ఇద్దరూ ఎన్నడూ ముఖాముఖి చూసుకున్నవారు కారు. మధ్యలో సుమారు మూడు వేల కిలోమీటర్ల భూమి, కొంత సముద్రం ఉన్నాయి. పగకు అవి ఏమీ అడ్డు రాలేదు.

వారిద్దరినీ కలిపినది స్లాగ్‌పిట్ అనే కంప్యూటర్ ఆట. అడిలైడ్‌లో ఇద్దరు అన్నదమ్ములు తమ కారు షెడ్డులో కూర్చుని దానిని తయారుచేశారు. ఇనుప గోడల మధ్య ఒక గోదా ఉంటుంది. నలుగురు ఒక పక్షం, నలుగురు మరొక పక్షం. పదిహేను నిమిషాలపాటు ఒకరినొకరు కాల్చుకోవాలి. పడినవాడు మూడు లెక్కపెట్టేలోగా తిరిగి లేస్తాడు. పెద్ద కంపెనీల ఆటలకు లక్షలాది జనం ఉంటారు గనుక ఏ వేళలో మీట నొక్కినా ఎవరో ఒకరు దొరుకుతారు. స్లాగ్‌పిట్‌కు ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ దేశాలు రెండూ కలిపినా నలభై మంది మించరు. అందువలన వారు ప్రతి ఆదివారం సాయంత్రం అయిదు గంటలకు, ముందుగా వేసిన జాబితా ప్రకారం, ఆటలో చేరుతారు. అయిదు అంటే సిడ్నీ అయిదు. ఎనిమిది మంది ఉంటేనే ఆట. ఏడుగురు వస్తే ఆ ఏడుగురూ వర్షం గురించి మాట్లాడుకుని లేచిపోవలసినదే.

ఒక శీతకాలంలో వరుసగా ఆరు ఆదివారాలు అలా వ్యర్థమైన మీదట సభ్యులు ఒక నియమం రాసుకున్నారు. జాబితాలో పేరు ఉండి కూడా అయిదూ ఇరవై లోపల చేరని వ్యక్తి ఆ సీజన్ మొత్తానికి తొలగించబడును. అతని స్థానం వరుసలో వేచి ఉన్న తొమ్మిదవ వ్యక్తికి చెందును. ఈ నియమానికి ఇంతవరకు మినహాయింపు ఇచ్చిన దాఖలా లేదు.

ఆటలో గ్లెనిస్ పెట్టుకున్న పేరు ఇస్త్రీపెట్టె. రోస్కో పేరు డీజిల్. గత ఆగస్టులో పెర్త్ సర్వర్ మీద, అంటే ఆ ఊళ్లో ఉండి ఆటను నడిపే యంత్రం మీద, జరిగిన చివరి పోటీలో ఇస్త్రీపెట్టె డీజిల్‌ను గాలిలో ఉండగానే వరుసగా మూడుసార్లు పడగొట్టింది. బర్నీలో నొక్కిన మీట కబురు పెర్త్ చేరడానికి రెప్పపాటులో అయిదో వంతు కాలం పడుతుంది. ఆ ఆటలో అది చాలా ఎక్కువ కాలం. కనిపించిన చోట కాల్చితే గురి తప్పుతుంది; కనిపించబోయే చోట కాల్చాలి. లాండ్రీలో గ్లెనిస్ ఉద్యోగమే అది. మడతలు వేసే యంత్రం మీద దుప్పట్లు జారిపోతుంటే మరక ఉన్నదానిని చేతితో ఆపి పక్కకు లాగాలి. మరకను చూసిన తర్వాత కదిలిన చెయ్యి ఎప్పుడూ ఆలస్యమే. ఇరవై ఆరేళ్లలో ఆమె చెయ్యి ముందే వెళ్లి కూర్చోవడం నేర్చుకున్నది.

రోస్కోకు ఇదంతా తెలియదు. తెలుసుకోవాలని అతడు కోరుకోనూ లేదు. పదకొండు సెకన్ల వీడియో ఒకటి కత్తిరించి, సభ్యులందరూ చూసే చోట, అన్నిటికంటె పైన తగిలించి, కింద ఇలా రాశాడు: "ఇది మనిషి చెయ్యి కాదు మేట్, గురి చూసి పెట్టే ప్రోగ్రాం. టాస్మానియాలో కూర్చున్న ముసలమ్మ పెర్త్ సర్వర్ మీద ఇలా కొట్టిందంటే మీరు నమ్ముతారా? నేనైతే నమ్మను."

ముప్పై ఒక్క మంది ఓటు వేశారు. పందొమ్మిది మంది నమ్మలేదు. గ్లెనిస్ పేరు ఒక సంవత్సరం పాటు కొట్టివేయబడింది. పేరు పక్కన కారణం కూడా రాశారు: మోసం.

ఈ వార్త లాండ్రీ దాకా పాకింది. భోజన విరామంలో పేకముక్కలు పంచుతూ ఒకామె, "గ్లెనిస్ చేతికి ఇవ్వకండమ్మా, ఆవిడ చేతిలో ప్రోగ్రాం ఉందంట," అన్నది. అందరూ నవ్వారు. గ్లెనిస్ కూడా నవ్వింది. ఇంటికి వచ్చి ఒక పళ్లెం పగలగొట్టింది. అది పొరపాటున జరిగినది కాదు.

ఆ సంవత్సరమంతా ఆమె పని నుంచి వచ్చి, వంట పొయ్యి మీద పెట్టి, పెర్త్ సర్వర్‌లోనే ఒంటరిగా సాధన చేసింది. మనుషులు లేనప్పుడు ఆటలో యంత్రమే నాలుగు బొమ్మలను ఎదురు నిలుపుతుంది. వాటికి పేర్లు మనం పెట్టుకోవచ్చు. ఆమె నాలుగింటికీ రోస్కో అనే పేరు పెట్టింది.

ఆమె భర్త డెస్మండ్ ఆపిల్ తోటల్లో పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్న మనిషి. టీ కప్పు పక్కన పెడుతూ రోజూ ఒక ప్రశ్న అడిగేవాడు.

"ఎంతమంది రోస్కోలు చచ్చారు ఇవాళ?"

"నూట నలభై."

"పాపం, వాళ్లమ్మ."

"వాళ్లమ్మ కూడా వస్తే బాగుండు."

ఆగస్టుతో శిక్షాకాలం ముగిసింది. న్యూజిలాండ్‌లో, పొరిరువాలో బస్సు నడిపే ఫెటు లెయావాసా అనే సభ్యుడు, ఆనాడు ఆమె పక్షాన ఓటు వేసినవాడు, పూచీ ఇచ్చి ఆమెను తిరిగి చేర్పించాడు. కొత్త సీజన్‌కు జాబితా రాసే బాధ్యత వంతుల ప్రకారం గ్లెనిస్‌కు వచ్చింది. ఆ శ్రమకు ప్రతిఫలంగా ఆట సిడ్నీ సర్వర్ మీదనా, పెర్త్ సర్వర్ మీదనా అని నిర్ణయించే హక్కు జాబితా రాసేవారికి ఉంటుంది. మొదటి ఆట అక్టోబరు మొదటి ఆదివారం. ఎదుటి పక్షంలో మొదటి పేరు డీజిల్.

అక్టోబరు మొదటి ఆదివారానికి ఒక విశేషం ఉన్నది. ఆ రోజు తూర్పు రాష్ట్రాలలో గడియారాలు ఒక గంట ముందుకు జరుగుతాయి. పెర్త్‌లో జరగవు. నిన్నటిదాకా సిడ్నీ అయిదు అంటే పెర్త్‌లో మూడు; మూడింటికి ఆడినవాడు ఆనాడు రెండింటికే రావాలి. ఏటా ఎవరో ఒకరు మరచిపోతారు గనుక, జాబితా రాసేవారు పెర్త్ వైపు సభ్యులకు విడివిడిగా తాఖీదు పంపడం ఆనవాయితీ. ఆ వైపు నలుగురున్నారు. గ్లెనిస్ బుధవారం నాడు తాఖీదు రాసింది: "మీ గడియారం ప్రకారం ఆట రెండు గంటలకు. మూడింటికి కాదు. గమనించగలరు." ముగ్గురికి పంపింది. నాలుగవది రాసింది గాని పంపలేదు.

ఆ సంగతి ఆమె ఎవరికీ చెప్పలేదు. గురువారం, శుక్రవారం, శనివారం ఆమె మడతల యంత్రం దగ్గర పాటలు పాడుకున్నదని తోటి పనివారు చెబుతారు.

ఆదివారం ఉదయం డెస్మండ్ గోడ గడియారం సరిచేస్తూ అడిగాడు. "ఆ పడవలాయనకి చెప్పావా టైం మారిందని?"

"లేదు."

"మర్చిపోయావా?"

"మర్చిపోలేదు."

డెస్మండ్ స్టూలు దిగాడు. "అంటే వాడు గంట లేటుగా వస్తాడు. సీజనంతా బయటే."

"నేను ఏడాది బయట ఉన్నా."

"సరే. నీ ఇష్టం. నేను బంగాళాదుంపలు చెక్కుతా."

అయిదు గంటలకు ఏడుగురు చేరారు. పిలిస్తే రావడానికి పెర్త్ నుంచి బెవ్ అనే ఆమె తొమ్మిదవ పేరుగా వేచి ఉన్నది. చెవులకు తగిలించుకున్న యంత్రాలలో అందరి మాటలూ అందరికీ వినబడుతున్నాయి.

"డీజిల్ ఏడీ?" అన్నాడు ఫెటు. "ఆంటీ, నీకేమైనా కబురు పెట్టాడా?"

"లేదు."

"గడియారం సంగతి మర్చిపోయుంటాడు పాపం," అన్నది బెవ్. "మాకందరికీ గ్లెనిస్ తాఖీదు పంపింది కదా. అతనికీ వచ్చే ఉంటుంది."

గ్లెనిస్ గడియారం చూసుకున్నది.

"రూలు రూలే అనుకో," అన్నాడు ఇంకొకాయన. "కానీ టైం మారిన రోజున మనిషిని తీసేయడం ఏం బాగుంటుంది. మంచివాడే."

పాపం, మంచివాడు. ఈ రెండు మాటలు గ్లెనిస్‌కు నచ్చలేదు. ఆమెను తొలగించిన రోజున పాపం అన్నవారు లేరు. ఇప్పుడు రోస్కో రాకపోతే జాలి అతనిది. పైగా తాఖీదు సంగతి రేపు కాకపోతే ఎల్లుండి బయటపడుతుంది. అప్పుడు ఆమె పేరు పక్కన ఏడాది క్రితం రాసిన మాట నిజమవుతుంది. రోస్కో గెలిచినట్లే, అదీ ఇల్లు కదలకుండా.

ఆమె తన మాట ఇతరులకు వినబడకుండా ఆపి, జాబితాలో ఉన్న నెంబరుకు ఫోను చేసింది. అప్పుడు సమయం అయిదూ తొమ్మిది.

"వీలన్."

"నేను ఇస్త్రీపెట్టెని."

"ఏం కావాలి?"

"నీ గడియారంలో ఎంతయింది?"

"రెండు దాటింది. ఆటకి ఇంకా గంట ఉందిగా."

"లేదు. ఇక్కడ టైం మారింది. నీకు పదకొండు నిమిషాలుంది."

"నాకెవరూ చెప్పలేదే."

"నేనే చెప్పలేదు. కావాలనే."

"కావాలనే." అతడు ఆ మాటను నములుతున్నట్లు పలికాడు. "మరిప్పుడు ఫోనెందుకు చేశావ్?"

"నువ్వు లేకుండా నిన్నెలా కొట్టేది? పరిగెత్తు."

"పడవ కింద పడుకుని ఉన్నానమ్మా, ఒళ్లంతా నూనె—"

"కడుక్కోకు. టైం లేదు." ఆమె ఫోను పెట్టేసింది.

అయిదూ పద్దెనిమిదికి డీజిల్ చేరాడు. రొప్పుతూనే మొదటి మాటగా, "అందరూ వినండి. ఈవిడ నాకు తాఖీదు పంపలేదు. కావాలనే. తన నోటితోనే ఒప్పుకుంది," అన్నాడు.

"ఆంటీ?" అన్నాడు ఫెటు.

"నిజమే. పంపలేదు," అన్నది గ్లెనిస్. "దానికి మీరేం శిక్ష వేస్తారో ఆట అయ్యాక వేయండి, పడతాను. ఇప్పుడు సర్వర్ చెప్పే హక్కు నాది. పెర్త్."

"పెర్త్ ఏంటి ఆంటీ? అతని ఇంటి ముందుకెళ్లి ఆడతావా? సిడ్నీ తీస్కో. మేము కూడా బతకాలి," అన్నాడు ఫెటు, పొరిరువాకు పెర్త్ మరీ దూరం గనుక.

"పెర్త్. ఇంకోటి. నా చేతులు అందరికీ కనబడాలి. డెస్."

డెస్మండ్ బంగాళాదుంపల చేతులు తుడుచుకుని వచ్చి, ఫోను కెమెరాను ఆమె చేతుల మీదుగా, తెర కూడా కనబడేలా పట్టుకుని నిలబడ్డాడు. ఆ దృశ్యం మిగిలిన ఎనిమిది మందికీ చేరింది.

మొదటి నాలుగు నిమిషాలు రోస్కోదే పైచెయ్యి. అతడు ఎదుటివారిని తొమ్మిదిసార్లు పడగొట్టాడు, ఆమె అయిదుసార్లు. "ఏమ్మా, ప్రోగ్రాం ఇవాళ సెలవు పెట్టిందా?" అన్నాడు.

"చెయ్యి లాగేస్తోంది గ్లెనిస్," అన్నాడు డెస్మండ్.

"దించావంటే రాత్రికి తిండి లేదు."

అయిదవ నిమిషంలో ఆమె ఒక సంగతి గమనించింది. దెబ్బ తిని లేచిన ప్రతిసారీ రోస్కో ఎడమవైపు పలక మీదికే ఉరుకుతున్నాడు. ఆ పలక మనిషిని పైకి ఎగరవేస్తుంది. ఇక ఆమె అతనిని వెదకడం మానివేసింది. పలక పైన ఖాళీ గాలిలో, మనిషి రాబోయే ఎత్తున, గురి పెట్టి ఉంచింది. అతడు వచ్చాడు, పడ్డాడు. లేచి, కోపంతో మళ్లీ అక్కడికే వచ్చాడు. కోపం వచ్చిన మనిషి దారి మార్చుకోడు; ఈ విషయం ఆమెకు స్వానుభవం.

"మళ్లీనా," అన్నాడు ఫెటు. "బ్రదర్, ఆ పలక మీద నీకేమైనా మొక్కుందా?"

"నోర్ముయ్."

చివరికి ఆమెకు ఇరవై ఏడు, అతనికి పధ్నాలుగు. ఆ ఇరవై ఏడులో పందొమ్మిదిసార్లు పడినవాడు రోస్కోయే. అన్ని సార్లూ ఆమె చేతులు, వాటి మీది లాండ్రీ వేడికి కాలిన పాత మచ్చలతో సహా, ఎనిమిది మంది కళ్ల ముందే ఉన్నాయి. ఎవరూ ప్రోగ్రాం అనే మాట ఎత్తలేదు.

"ఇప్పుడు రాయి," అన్నది గ్లెనిస్.

"ఏం రాయాలి?" అన్నాడు రోస్కో.

"నేను మోసం చేయలేదని. ఆ వీడియో ఉన్న చోట, అదే ఎత్తున. అందరూ ఉండగానే."

రోస్కో మొదట ఇలా రాశాడు: బహుశా నేను పొరబడి ఉండవచ్చు.

"బహుశా తీసెయ్."

రెండవసారి: ఎవరి మనస్సయినా నొచ్చుకుని ఉంటే విచారిస్తున్నాను.

"ఎవరి మనస్సేంటి, దారిన పోయేవాళ్లదా? పేరు రాయి. ఆటలో పేరు కాదు, అసలు పేరు."

మాండూరాలో ఎక్కడో కుక్క మొరగడం అందరికీ వినబడింది. మూడవసారి ఇలా వచ్చింది: గ్లెనిస్ టార్ల్‌టన్ మోసం చేయలేదు. చేసిందని రాసినది నేను. అది తప్పు. రోస్కో వీలన్.

గ్లెనిస్ దానిని రెండుసార్లు చదివి అంగీకరించింది. పేరు పక్కన ఉన్న కారణాన్ని ఫెటు అప్పటికప్పుడే తుడిచివేశాడు. అనంతరం తాఖీదు దాచిన నేరంపై విచారణ జరిగింది. జాబితా రాసే బాధ్యత, దానితోపాటు సర్వర్ నిర్ణయించే హక్కు, సీజన్ ముగిసేవరకు ఆమె నుంచి తీసివేయాలని బెవ్ ప్రతిపాదించింది. అందరూ ఒప్పుకున్నారు. గ్లెనిస్ కూడా తనకు వ్యతిరేకంగానే ఓటు వేసింది.

ఒక్కొక్కరే వెళ్లిపోయారు. రోస్కో మాత్రం ఉండిపోయాడు.

"ఇక సరిపోయిందా మనకి?" అన్నాడు.

"నీకు సరిపోయిందా?"

"నాకు సరిపోయింది."

"నాకు సరిపోలేదు. వచ్చే ఆదివారం రా."

అతడు వచ్చాడు. ఆ పై ఆదివారం కూడా వచ్చాడు. రాకపోతే ఓటమికి జడిసి మానుకున్నాడని నలభై మందీ చెప్పుకుంటారు. వస్తే ఆమె చేతిలో పడతాడు. ఈ రెంటి మధ్య అతడు ప్రతివారం నలగడమే గ్లెనిస్‌కు కావలసినది. లాండ్రీలో ఆమె ఇప్పుడు పాటలు పాడుకోవడం లేదు గాని, శనివారం నాడు మాత్రం, మరునాడు ఆట గనుక, ఎవరు ఏమి అడిగినా కాదనదు.