మంట వైపు వరస

మా తమ్ముడు ఫిజిక్సులో డాక్టరేటు చేశాడు. కొన్నేళ్ళు కాలేజీలో పాఠాలు చెప్పి, అది మానేసి, గ్యాసూ కరెంటూ జనానికి ఎలా అందించాలో ఢిల్లీలో ప్రభుత్వానికి రాసిచ్చే పనిలోకి వెళ్ళాడు. నలభై దాటాక రాత్రిబడిలో అక్షరాలు దిద్దినవాణ్ణి, నాకు ఆ పని ఇప్పటికీ పూర్తిగా అర్థం కాదు. ఊళ్ళో మాత్రం అందరూ వాణ్ణి గ్యాసు ఆఫీసరే అనుకున్నారు.

తొంభైల చివర్లో కొత్తపేట అవతలున్న మా ఊళ్ళో, మా ఇంటి వెనక కొబ్బరితోట పక్కనే గ్యాసు బావి తవ్వారు. పైకొచ్చే గ్యాసును గొట్టం చివర రాత్రీ పగలూ మండించేవారు. ఆ వేడికి అటువైపు వరస చెట్లకు మట్టలు ఎర్రబడ్డాయి, పిందెలు రాలాయి. పక్క తోటలదీ అదే గతి. తమ్ముడు సెలవుకు రాగానే అందరూ వాడి మీద పడ్డారు.

"ఆ మంట ఆర్పించండి బాబూ. మీ మాట కాదంటారేంటండీ?"

వంటింట్లో మట్టల పొగకు దగ్గుతున్న మా ఆవిడ ఊరుకోలేదు. "అంత గ్యాసు వాళ్ళు తగలేస్తన్నారు, నేనీ మట్టలు తగలేస్తన్నాను. మీ చదువులో దీన్నేమంటారండీ మరిదిగారూ?"

"దండగ అంటారు వదినగారూ," అన్నాడు వాడు నవ్వకుండా.

పంచాయతీ దగ్గర మీటింగు పెట్టారు. మర్యాద కొద్దీ మావాళ్ళే వాణ్ణి కంపెనీవాళ్ళ పక్కన కుర్చీలో కూర్చోబెట్టి దండ వేశారు. పొరపాటు అక్కడే జరిగింది. ఒక రైతు లేచి, "మంట ఆర్పేస్తే సరిపోద్దాండీ?" అని అడిగాడు.

వాడికి అబద్ధం రాదు. "మండించకుండా వదిలేస్తే ఇంకా ప్రమాదమండీ. గొట్టాలేసి ఆ గ్యాసు ఊళ్ళోకివ్వాలి. అలా చెయ్యమని రాశాను. చెయ్యడం నా చేతిలో లేదు."

జనానికి మొదటి మాటే వినబడింది. "ఆయ్, కుర్చీ అటేసేరు కదండీ, మాటా అటే వస్తాది," అన్నాడు వెనక నుంచి ఒకాయన. అందరూ నవ్వారు. వాడు మళ్ళీ చెప్పబోయాడు, ఎవరూ విననేలేదు. నేను లేస్తే తమ్ముణ్ణి వెనకేసుకొచ్చానంటారు. కూర్చుండిపోయాను.

వాడు ఢిల్లీ వెళ్ళి మళ్ళీ రాశాడు, ఫోన్లు చేశాడు. మంట మండుతూనే ఉంది. మరుసటేడు ఆ వరస చెట్ల మొవ్వులు ఎండిపోయాయి. మొవ్వు ఎండిన కొబ్బరిచెట్టు ఇక బతకదు, కొట్టించక తప్పలేదు. కబురు తెలిసి తమ్ముడు వచ్చాడు. ఆ వరసలో చివరి చెట్టు మా ఇంటి పక్కనే. దాన్ని కొడితే కప్పు మీద పడకుండా తాడు కట్టి లాగాలి. దానికి మా వైపు ఎవరినీ పిలవం, గొడ్డలి చప్పుడు విని చుట్టుపక్కలవాళ్ళే వచ్చి పట్టుకుంటారు. ఆ రోజు ఒక్కరూ రాలేదు. తాడు పట్టుకుని నేను, నా వెనక వాడు.

"అన్నయ్యా, నువ్వూ నన్ను వాళ్ళ మనిషనే అనుకుంటున్నావా?"

"లాగరా," అన్నాను.