తల్లి తప్పుకునే సినిమాలు

మా పక్క క్వార్టరు టీచరమ్మ మొన్న శుక్రవారం పోయారు. గుండెపోటు. మొదటి షిఫ్టు వాళ్లు బొగ్గుగని డ్యూటీకి బయలుదేరుతుంటే కబురు తెలిసింది. ఆమె గురించి మంచిమాటలు చాలామంది చెప్పారు. నాకు మాత్రం కడుపు మండుతోంది, అదే రాస్తాను.

బడిలో ఇంగ్లీషు చెప్పి రిటైరయ్యాక, ఆదివారం చర్చి నుంచి రాగానే మా క్వార్టర్ల లైనులోని ఆడవాళ్లను పిలిచి పాత అమెరికా నలుపు తెలుపు సినిమాలు చూపించేవారు. మాటలన్నీ తానే తెలుగులో చెప్పేవారు. చాలావాటిలో ఒకటే కథ. పేద తల్లి, పెద్దింటికి చేరబోయే కూతురు. తన వల్ల బిడ్డకు నామోషీ అని తల్లి తప్పుకుంటుంది. మేం కొంగులు తడుపుకునేవాళ్లం. టీచరమ్మకు ఒళ్లు మండేది.

"ఏడ్వకుండ్రి! ఆమె చేసిన తప్పేందో చెప్పుండ్రి ముందు. పైసలు లేకపాయె, గంతే గద? తల్లి పోతెనే బిడ్డ బాగుపడ్తదట! గది మనతోనే ఒప్పిస్తరు, మనతోనే ఏడిపిస్తరు."

ఏడుపొచ్చే చోట కోపం కూడా తెచ్చుకోవచ్చని మాకు నేర్పింది ఆమే.

ఒక్కగానొక్క కూతురు ఇష్టపడి ఆఫీసర్ల ఇంటి కోడలైంది. తొలి కాన్పు పుట్టింట్లో జరగాలి. మీ క్వార్టర్లో బొగ్గు దుమ్మని వియ్యపురాలు బంగ్లాలోనే ఉంచుకుంది. టీచరమ్మే రోజూ ఆటోలో వెళ్లి, కాళ్లు చాపుకుని కూర్చుని, మనవడికి నూనె రాసి స్నానం పోసి వచ్చేవారు. ఒకరోజు చుట్టంచూపుగా వచ్చిన ఒకావిడ, "ఈ స్నానం పోసే ఆవిడెవరో చెయ్యి బాగుందండీ, మా కోడలి దగ్గరికీ పంపండి" అంది. వియ్యపురాలు ఆవిడకు కాఫీ అందించింది. కూతురు తల వంచుకుంది.

"మరి మీరేమన్నరు టీచరమ్మా?" అని అడిగాను.

"వస్త తియ్యమ్మా అన్న."

"గట్లెట్ల అన్నరు?"

"బిడ్డ మొఖం చూసిన చెల్లె. తల్లినని చెప్పనీకి నోరు రాలె."

ఆ తర్వాత సినిమాలు బందయ్యాయి. మేం అడిగితే టీవీ ఖరాబైందనేవారు.

సమాధి చేసిన మర్నాడు కూతురు వచ్చి ఫ్లెక్సీ కోసమని ఫొటో అడిగింది. ఏడ్చి ఏడ్చి కళ్లు వాచి ఉన్నాయి. నా దగ్గరున్నది ఒక్కటే, నైటీ మీద తువ్వాలు వేసుకుని వాకిట్లో నవ్వుతున్న ఫొటో. ఇచ్చాను.

సందు మొదట్లో ఫ్లెక్సీ కట్టారు. స్టూడియో అతను కంప్యూటర్‌లో ఆమెకు జరీ పట్టుచీర కట్టాడు, మెడలో హారం వేశాడు, నవ్వు కనబడకుండా పెదవులు కలిపేశాడు. షేర్ ఆటోలు అక్కడ ఆగుతాయి. ఎక్కేవాళ్లు ఒకసారి తలెత్తి చూసి, "ఎవరో పెద్దింటామె పోయినట్టుంది" అనుకుంటూ సర్దుకుని కూర్చుంటున్నారు.